రూబార్బ్ ‘పై’: మూత పొర బంగారం, అడుగు పొర తడిముద్ద

సెయింట్‌పాల్_సుజాత
మేము కొన్న ఇంటి పెరట్లో కంచె మూలన, పాతవాళ్లు నాటి వదిలేసిన రూబార్బ్ (పుల్లటి కాడల మొక్క) గుబురు ఒకటుంది. మంచు కరగడమే ఆలస్యం, ఎర్రటి మొగ్గలు నేలను చీల్చుకుని వస్తాయి. మే చివరికల్లా కాడలు నా మోచేతి పొడవు పెరుగుతాయి. పారేయడానికి మనసొప్పక ‘పై’ (రెండు పిండి పొరల మధ్య ముక్కలు పెట్టి ఓవెన్‌లో కాల్చే తీపి వంట) చేయడం మొదలుపెట్టాను. రుచికి వంక పెట్టినవాళ్లు లేరు. అడుగు పొర మాత్రం ఒక్కసారీ కాలిన పాపాన పోలేదు.

నా కొలతలు ఇవి: 9 అంగుళాల గాజు పళ్లెం, ఆరు కప్పుల ముక్కలు, ఒక కప్పు పంచదార, రెండు పెద్ద చెంచాల మైదా. 350 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గర గంటసేపు. మూత పొర చూడముచ్చటగా ఎర్రబడుతుంది. కత్తి దించగానే గులాబీరంగు రసం కాలువ కడుతుంది, కింద పిండి పచ్చిగా, జిగురుగా పళ్లేనికి అతుక్కుని ఉంటుంది. ఓవెన్ పాతబడిందని మావారి తీర్పు. కొత్తది కొనడానికి ఆయనకు ఏదో ఒక సాకు కావాలి లెండి. వచ్చే శనివారం ఇక్కడి తెలుగువాళ్ల వనభోజనం ఉంది. "బాగుంది గానీ..." అనే మాట ఈసారి వినదలచుకోలేదు. చేయి తిరిగినవాళ్లు ఎవరైనా చెప్పండి.

అర్ధరాత్రి_ఆకలి
నా చేయి తిరగలేదు, నోరు మాత్రం ఊరింది. ఫొటో పెట్టండి.

గుంటూరు_గోంగూర
పుల్లటి కాడ దొరికితే దానికి కప్పుల కొద్దీ పంచదార పోసి, గంటసేపు కాల్చి, ఆపైన తడిగా ఉందని బాధపడటం దేనికండీ? కందిపప్పులో వేసి ఎండుమిర్చి, వెల్లుల్లి, ఇంగువ తాలింపు పెట్టండి. అడుగు పొర సమస్యే ఉండదు.

వంటింటి_శాస్త్రి
గోంగూర గారి దారి గోంగూర గారిది. అడిగింది పై గురించి కాబట్టి నేను దానికే వస్తాను.

మీవారికి చెప్పండి, తప్పు ఓవెన్‌ది కాదు. రూబార్బ్ కాడలో నూటికి దాదాపు 94 పాళ్లు నీరే. పంచదార తగిలిందంటే ఆ నీరు బయటికి వచ్చేస్తుంది. ఆరు కప్పుల ముక్కలు వదిలే రసాన్ని రెండు చెంచాల మైదా పట్టి ఉంచలేదు. దానికి తోడు 350 దగ్గర వెన్న నెమ్మదిగా కరుగుతుంది, పొర గట్టిపడేలోపే రసం అందులోకి దిగిపోతుంది. కాబట్టి సరిచేయాల్సినవి రెండు: రసం, మొదటి ఇరవై నిమిషాల వేడి.

ముక్కలను పంచదారలో కలిపి ఒక గంట పక్కన పెట్టండి. తర్వాత చిల్లుల గిన్నెలో వంచి రసాన్ని వేరు చేయండి. ఆ రసాన్ని చిన్న గిన్నెలో పాకంలాగా సగానికి పైగా ఇగరబెట్టి, చల్లార్చి మళ్లీ ముక్కల్లో కలపండి. అల్యూమినియం గిన్నె వద్దు, ఈ పులుపు దాన్ని తినేస్తుంది, స్టీలుదే వాడండి. ఇలా చేస్తే మూడు పెద్ద చెంచాల మొక్కజొన్న పిండి సరిపోతుంది.

ఇక వేడి. ఖాళీ ఇనుప రేకును ఓవెన్ కింది అరలో పెట్టి 425 దాకా కాగనివ్వండి. ఆ మండే రేకు మీదే పై పళ్లేన్ని పెట్టాలి. ఇరవై నిమిషాల తర్వాత 375కి తగ్గించి మరో 40 నిమిషాలు, అవసరమైతే ఇంకాస్త. అంచుల దగ్గర రసం ఉడికితే చాలదు, నడిమధ్యలో కూడా చిక్కటి బుడగలు తాపీగా లేచి పగలాలి. అక్కడ ఉడకలేదంటే పిండి చిక్కబడలేదని అర్థం. మూత పొర ముందే ఎర్రబడిపోతే రేకు కాగితం (ఫాయిల్) కప్పండి.

లీడ్స్_లక్ష్మి
శాస్త్రి గారూ, ఫారెన్‌హీట్ లెక్క మాకు కొరుకుడు పడదు. 425 అంటే 220, 375 అంటే 190. యూరప్‌లో చదివేవాళ్ల కోసం రాస్తున్నాను.

గాజు పళ్లెం బదులు పల్చటి లోహపు పళ్లెం వాడి చూడండి సుజాత గారూ. లోహం వేడిని వెంటనే అందిస్తుంది, గాజు తీరిగ్గా అందిస్తుంది.

వంటింటి_శాస్త్రి
లోహానిది పైచేయే, ఒప్పుకుంటాను. కానీ గాజుతో ఒక సుఖముంది. పళ్లెం ఎత్తి కిందనుంచి చూస్తే పొర రంగు కనబడుతుంది. అది ఎర్రబడేదాకా ఓవెన్ ఆపనక్కర్లేదు. ఒక్క జాగ్రత్త: ఫ్రిజ్‌లోంచి తీసిన గాజును నేరుగా మండే రేకు మీద పెట్టకండి, పగులుతుంది. అంత చల్లగా ఉంటే లోహపు పళ్లేనికే వెళ్లండి.

డులూత్_మాధవి
రసం వేరు చేసి ఇగరబెట్టడం నాకు నచ్చదు. గంట పని పెరుగుతుంది, ముక్కలు ముడుచుకుపోతాయి. నేను అన్నీ ఒకేసారి కలిపేసి, మూత పొరను పిండి పట్టీలతో అల్లిక వేస్తాను. సందుల్లోంచి ఆవిరి పోతుంది, రసం దానంతటదే చిక్కబడుతుంది. నిండు మూత కప్పితే కనీసం నాలుగైదు గాట్లైనా పెట్టాలి. సుజాత గారు గాట్ల మాటే ఎత్తలేదు.

సెయింట్‌పాల్_సుజాత
గాట్లు పెడతాను, కానీ చిన్నవి. అందం చెడుతుందని.

డులూత్_మాధవి
ఆవిరికి అందంతో పని లేదు, దారి కావాలి.

సామర్లకోట_సుబ్బు
నేను న్యూజెర్సీలో ఉంటాను, పుట్టింది మాత్రం సగ్గుబియ్యం మిల్లుల మధ్య. మొక్కజొన్న పిండి కంటే మన సగ్గుబియ్యమే ఈ పైకి సరైన జోడీ అని నా వాదన. అమెరికా పాత వంటల్లో పండ్ల పైలకు టపియోకా వేస్తారు. అదీ కర్రపెండలం పిండే, మన సగ్గుబియ్యమూ కర్రపెండలం పిండే. మిక్సీలో రవ్వకంటే మెత్తగా తిప్పి, ఆరు కప్పుల ముక్కలకు పావు కప్పు కలిపి, పావుగంట నాననిచ్చి పళ్లెంలోకి దించండి. మొక్కజొన్న పిండి పులుపు ఎక్కువైతే పట్టు సడలిస్తుంది, ఇది అంత తొందరగా సడలదు. రసం అద్దంలా తేటగా మెరుస్తుంది, తెల్లగా మసకబారదు. గింజలు గింజలుగా మాత్రం వేయకండి, పై కాస్తా పాయసం అవుతుంది.

అర్ధరాత్రి_ఆకలి
పాయసం అయినా నాకు అభ్యంతరం లేదు.

కొలంబస్_కామేశ్వరి
ఇంతకీ పిండిలో ఏమి వేస్తున్నారు? దుకాణంలో దొరికే తయారు పొరల్లో కొన్నింటిలో పందికొవ్వు ఉంటుంది. పెట్టె వెనక చిన్న అక్షరాల్లో లార్డ్ అని రాసి ఉంటుంది. మా అత్తగారు శాకాహారి. ఆవిడకు పెట్టే ముందు ఆ సంగతి చూసుకోబట్టి బతికిపోయాను. వనభోజనం అంటున్నారు కాబట్టి చెబుతున్నాను.

సెయింట్‌పాల్_సుజాత
పిండి ఇంట్లోనే కలుపుతాను. రెండున్నర కప్పుల మైదా, కప్పు వెన్న, చెంచాడు ఉప్పు, మంచునీళ్లు. వెన్న ధర చూశాక ఈసారి నెయ్యి వేద్దామా అని ఆలోచిస్తున్నాను, ఇంట్లో కాచినది చాలా ఉంది.

సామర్లకోట_సుబ్బు
వేయండి! తాపేశ్వరం మడత కాజాకు పొరలు వచ్చేది వెన్నతోనా?

వంటింటి_శాస్త్రి
సుబ్బు గారూ, కాజాలో పొర మీద పొర మడతపెట్టి ఒత్తుతాము, మడత వల్ల వచ్చే పొరలవి. పైలో మడతలు లేవు. అక్కడ పొర విడివడేది వెన్నలోని నీటివల్ల. వెన్నలో నూటికి 16 పాళ్ల దాకా నీరు ఉంటుంది. బఠాణీ గింజంత చల్లటి వెన్న ముక్కలు పిండిలో అలాగే ఉండిపోతే, వేడి తగలగానే ఆ నీరు ఆవిరై పిండిని పైకి లేపుతుంది. నెయ్యిలో నీరు లేదు. నెయ్యితో చేస్తే నానఖటాయిలాగా గుల్లగా విరుగుతుంది, పొరలు రావు. తినడానికి బాగుంటుంది, కానీ అది వేరే వంట.

డులూత్_మాధవి
శాస్త్రి గారు చెప్పింది నిజమే అయినా, అడుగు పొర వరకు నెయ్యి మంచిదేమో అని నా అనుమానం. గుల్ల పిండి రసాన్ని కాస్త ఆలస్యంగా పీలుస్తుంది. నేను కిందికి సగం నెయ్యి సగం వెన్న, మూతకు పూర్తిగా వెన్న వాడతాను. నెయ్యి గడ్డకట్టి ఉండాలి, కరిగినది కాదు.

వంటింటి_శాస్త్రి
అది ఆలోచించాల్సిన మాటే. చేసి చూసి చెబుతాను.

కొలంబస్_కామేశ్వరి
నీళ్లు ఎన్ని పోస్తున్నారో చెప్పలేదు. ఎనిమిది పెద్ద చెంచాలు దాటితే చపాతీ పిండి అవుతుంది. గుప్పిట్లో నొక్కితే ముద్ద కట్టాలి, వేలితో పొడిస్తే విరగాలి, అంతే. మనకు పిండి కనబడితే మర్దించడం అలవాటు. ఇక్కడ ఆ చేతిని కట్టేసుకోవాలి. కలిపాక గంటసేపైనా ఫ్రిజ్‌లో ఉండాలి. మూత మీద రంగుకు గుడ్డు పూయకండి, వనభోజనంలో తిననివాళ్లు ఉంటారు. చిక్కటి పాలు పూసి కాస్త పంచదార చల్లితే చాలు.

గుంటూరు_గోంగూర
ఇంత చేసేలోపు నా పప్పు మూడు విజిళ్లు వేసి, తాలింపు కూడా అయిపోయింది.

పెరటి_పంతులు
గోంగూర గారిని అందరూ ఆటపట్టిస్తున్నారు గానీ ఆయన మాటలో పస ఉంది. రూబార్బ్, మన చుక్కకూర ఒకే కుటుంబం మొక్కలు. గోంగూర అందులో లేదు, అది మందారానికి చుట్టం. కాబట్టి రూబార్బ్ పప్పు అంటే చుక్కకూర పప్పుకు దగ్గరిదే. మా ఇంట్లో రెండు వారాలకోసారి ఉంటుంది, పచ్చిమిర్చి వేసి రోటి పచ్చడి కూడా చేస్తాము.

అయితే ఒక తేడా గుర్తుంచుకోవాలి. చుక్కకూరలో తినేది ఆకు. రూబార్బ్‌లో ఆకు తినకూడదు, విషం. ఆక్సాలిక్ ఆమ్లం అందులో చాలా ఎక్కువ. మొదటి ప్రపంచ యుద్ధకాలంలో బ్రిటన్‌లో కూరగాయల కొరత వల్ల ఈ ఆకులు వండుకోవచ్చని సలహా ఇచ్చారు, తిన్నవాళ్లకు విషప్రభావం కలిగింది. మన ఊళ్లనుంచి వచ్చిన పెద్దవాళ్లు పెరట్లో ఇంత లేత ఆకు చూస్తే కోసి కూర వండుతామంటారు. ముందే చెప్పి ఉంచండి. ఎరువు కుప్పలో వేయడానికి ఇబ్బంది లేదు.

కొలంబస్_కామేశ్వరి
ఇది అందరికీ కనబడేలా అన్నిటికంటే పైన ఉంచాల్సిన సమాధానం. మా అమ్మ వచ్చినప్పుడు సరిగ్గా ఇదే జరగబోయింది. ఆకు పుల్లగా ఉందేమో చూద్దామని నోట్లో పెట్టుకోబోతుంటే ఆపాను.

రాళ్ల_బాధితుడు
మూత్రపిండాల్లో రాళ్లున్నవాళ్లు కాడల విషయంలోనూ జాగ్రత్త. వాటిలోనూ ఆక్సలేట్లు (ఆ ఆక్సాలిక్ ఆమ్లం లవణాలు) తక్కువేమీ కావు. మా డాక్టరు పాలకూర, రూబార్బ్, బాదం పప్పు మానేయమన్నారు. పేరు చూశారుగా, అనుభవంతో చెబుతున్నాను.

డల్లాస్_దొర
మీరంతా పెరట్లో పెరిగిందని విసుక్కుంటున్నారు, ఇక్కడ టెక్సాస్‌లో నేను కుండీలో పెట్టిన రూబార్బ్ జూలై ఎండకు ఉడికిపోయింది. దుకాణంలో కొంటే కాడల ధర మామిడిపండ్లతో పోటీ పడుతోంది. ఎలా పెంచాలి?

పెరటి_పంతులు
దొర గారూ, దానికి కావాల్సింది చలి. శీతాకాలంలో కొన్ని వారాల పాటు 4, 5 సెల్సియస్ కంటే కిందికి దిగితేనే వేరు నిద్రపోయి, వసంతంలో లేస్తుంది. మీ దగ్గర శీతాకాలం దానికి చాలదు, వేసవి మరీ ఎక్కువ. గడ్డకట్టించిన ముక్కలు కొనుక్కోండి. సైబీరియా, చైనా చలికొండల సంతతిని డల్లాస్‌లో నిలబెట్టడం మన వల్ల కాదు.

డల్లాస్_దొర
గడ్డకట్టిన ముక్కలతో పై వస్తుందా?

వంటింటి_శాస్త్రి
వస్తుంది. గడ్డకట్టినప్పుడు కణాలు పగిలి ఉంటాయి కాబట్టి రసం ఇంకా ఎక్కువ వదులుతాయి. పూర్తిగా కరగనిచ్చి, వంచి, రసం ఇగరబెట్టే పద్ధతే వాటికి సరి. మాధవి గారి అల్లిక ఒక్కదాన్నే నమ్ముకుంటే మునుగుతారు.

డులూత్_మాధవి
తాజా కాడల గురించి చెప్పాను మహాశయా.

లీడ్స్_లక్ష్మి
మా ఊరి గొప్ప చెప్పుకోకుండా ఉండలేను. వేక్‌ఫీల్డ్, మోర్లీ, రోత్‌వెల్ ఊళ్ల మధ్యనున్న నేలను ఇక్కడ రూబార్బ్ త్రికోణం అంటారు. మొక్కను రెండేళ్లు పొలంలో పెంచుతారు, కాడ ఒక్కటీ కోయరు. చలి బాగా తగిలాక వేళ్లతో సహా తవ్వి చీకటి షెడ్లలోకి మారుస్తారు. వెలుతురు లేకపోవడంతో వేరులో దాచుకున్న బలమంతా కాడలోకి పోస్తుంది. కోత కొవ్వొత్తుల వెలుగులో. ఫిబ్రవరిలో ఒక షెడ్డు చూడటానికి వెళ్లాను. నిలబడి వింటే మొగ్గలు విచ్చుకునే టిక్ టిక్ చప్పుడు నిజంగానే వినబడుతుంది. కాడ వేలంత సన్నగా, ముదురు గులాబీ రంగులో ఉంటుంది, ఆకు పసుపు. 2010లో యూరప్‌లో దీనికి ప్రాంతీయ గుర్తింపు రక్షణ కూడా ఇచ్చారు.

ఇది చెప్పడం ఎందుకంటే, ఆ లేత కాడకు పీచు తక్కువ, పులుపు తక్కువ. దానికి పెట్టే పంచదార లెక్క సుజాత గారి పెరటి కాడకు సరిపోదు. బ్రిటిష్ వంటలు చూసి చేస్తున్నారా?

సెయింట్‌పాల్_సుజాత
లేదండీ, పక్కింటి పెద్దావిడ ఇచ్చిన చీటీ. అందులో "అయ్యేదాకా కాల్చాలి" అని మాత్రమే ఉంది. పంచదార ఆవిడ ఒకటిన్నర కప్పు రాశారు, ఎక్కువనిపించి నేనే తగ్గించాను.

వంటింటి_శాస్త్రి
పెరటి కాడకు ఆవిడ లెక్కే సరైనది. పావు కప్పు తగ్గించుకోవచ్చు, అంతకు మించి కాదు. తీపి తక్కువ కావాలంటే పంచదార తగ్గించకుండా ముక్క చిన్నది కోసుకోండి.

డల్లాస్_దొర
మా ఇంట్లో ముగ్గురికి షుగర్. ముక్క ఎంత చిన్నది కోయాలో మీరే చెప్పండి.

కొలంబస్_కామేశ్వరి
సగం స్ట్రాబెర్రీలు వేయండి, పంచదార తగ్గుతుంది.

లీడ్స్_లక్ష్మి
వద్దు! స్ట్రాబెర్రీ వేస్తే రూబార్బ్ రుచి పోతుంది, రసం రెట్టింపవుతుంది. నారింజ తొక్క తురుము, చిటికెడు అల్లం, అంతవరకే.

కొలంబస్_కామేశ్వరి
అమెరికాలో సగం ఇళ్లలో రెండూ కలిపే చేస్తారు లక్ష్మి గారూ. రెండూ ఒకే కాలంలో వస్తాయి. అన్ని ఇళ్లూ పొరబడుతున్నాయంటారా?

లీడ్స్_లక్ష్మి
ఔను.

గుంటూరు_గోంగూర
పప్పులో ఏ పండూ కలపనక్కర్లేదని మనవి.

రాళ్ల_బాధితుడు
అసలిది పండా, కూరగాయా? పండు అని రాసేవాళ్లున్నారు, కాడ తింటే పండెలా అవుతుంది?

పెరటి_పంతులు
వృక్షశాస్త్రం ప్రకారం కూరగాయే. అమెరికాలో మాత్రం 1947లో బఫెలోలోని కస్టమ్స్ కోర్టు దీన్ని పండుగా లెక్కించమంది. ఇంటింటా వాడకం పండులాగే ఉంది కదా అన్నది వాదన. దిగుమతి చేసుకునేవాళ్లకు పన్ను తగ్గింది.

అర్ధరాత్రి_ఆకలి
అల్లం మురబ్బా తింటాం కాబట్టి అల్లం కూడా పండే అని దరఖాస్తు పెడతాను.

పాత_మందుకొట్టు
ఈ మొక్క వేరు మనవాళ్లకు కొత్త కాదు. ఆయుర్వేద, యునానీ మందుల కొట్లలో రేవల్చిన్ని అని అమ్మేది ఈ జాతి వేరునే, విరేచనానికి వాడతారు. చైనాలోనైతే వేల ఏళ్లుగా ఉన్న మందు. యూరప్‌వాళ్లు కూడా మొదట మందుగానే తెప్పించుకున్నారు. చక్కెర చవకయ్యాకే కాడ వంటింట్లోకి వచ్చింది.

డల్లాస్_దొర
వనభోజనానికి వెళ్లేవాళ్లకు ఈ సంగతి తిన్న తర్వాత చెప్పండి.

పాత_మందుకొట్టు
మందు వేరులో ఉంది దొర గారూ, పైలో వేసేది కాడ. భయపడకండి. ఒకరే పై మొత్తం లాగించేస్తే మాత్రం నా పూచీ లేదు.

సెయింట్‌పాల్_సుజాత
సరే, నా పథకం ఇది. శుక్రవారం సాయంత్రం చేస్తాను. రసం వంచడం, ఇగరబెట్టడం శాస్త్రి గారి పద్ధతి, చిక్కదనానికి సుబ్బు గారి సగ్గుబియ్యం పొడి, మాధవి గారి అల్లిక, కింద వేడి రేకు, పక్కింటావిడ పంచదార. స్ట్రాబెర్రీల తగాదాలో నేను లక్ష్మి గారి వైపు. రాత్రి ఎనిమిదింటికి ఓవెన్‌లోంచి తీసి, తొమ్మిదింటికి ఒక ముక్క కోసి చూస్తాను.

వంటింటి_శాస్త్రి
తొమ్మిదింటికి కోస్తే పడిన శ్రమంతా వృథా. వేడిమీద ఆ రసం ఇంకా పల్చగానే ఉంటుంది, చల్లారితేనే చిక్కబడుతుంది. కనీసం నాలుగు గంటలు. జాలీ మీద పెట్టండి, బల్లమీద కాదు. కింద ఆవిరి చేరితే పొర మళ్లీ మెత్తబడుతుంది. ఇంకొకటి: సగ్గుబియ్యం పొడి వేస్తున్నారు కాబట్టి ఇగరబెట్టిన తర్వాత పావు కప్పు ఎక్కువవుతుంది, మూడు పెద్ద చెంచాలు చాలు. ఫలానా పద్ధతి, ఫలానా పద్ధతి అని అన్నీ కలిపేస్తే చివరికి కత్తికి తెగని జెల్లీ వస్తుంది.

సామర్లకోట_సుబ్బు
మూడు చెంచాలకు ఒప్పుకుంటున్నాను. రెండుకు దిగితే మాత్రం ఊరుకోను.

అర్ధరాత్రి_ఆకలి
రాత్రి ఎనిమిది నుంచి పొద్దుటిదాకా పై ఇంట్లో పెట్టుకుని ఎవరూ ముట్టకుండా ఉండాలా? మీవారికి ఓవెన్ కాదు, తాళం కొనిపెట్టండి.

పెరటి_పంతులు
సుజాత గారూ, కాడలను కత్తితో కోయకండి. మొదట్లో పట్టుకుని కాస్త మెలితిప్పి లాగితే చక్కగా ఊడి వస్తాయి. కోసిన మొదలు కుళ్లుతుంది. ఒక్కసారే గుబురంతా ఖాళీ చేయకుండా సగమైనా వదలండి. జూన్ చివర్లో ఆపేయండి, ఆ తర్వాత ఆకులు వచ్చే ఏడాదికి వేరును నింపుకోవాలి. పూల కాడ లేస్తే మాత్రం వెంటనే తీసేయండి. మీది పాత గుబురు అంటున్నారు, కాడలు ఏటేటా సన్నబడుతున్నాయా?

సెయింట్‌పాల్_సుజాత
అవునండీ, మధ్యలో సన్నవే వస్తున్నాయి. అంచుల్లోవి లావు.

పెరటి_పంతులు
అయితే విడదీయాల్సిన వయసు వచ్చింది. వచ్చే వసంతంలో మొగ్గలు తలెత్తుతున్నప్పుడే పారతో నిలువునా చీల్చండి. ప్రతి ముక్కకూ ఒకటి రెండు మొగ్గలుండాలి. నాటిన మొదటి ఏడాది కోయకూడదు, రెండో ఏడాది కొద్దిగా.

డులూత్_మాధవి
మిగిలిన ముక్కలు పారేయకండి సుజాత గారూ. డులూత్ నుంచి రెండున్నర గంటల ప్రయాణం, పార నేనే తెచ్చుకుంటాను.

గుంటూరు_గోంగూర
నాకూ ఒక ముక్క. పప్పుకే.